బల్ల కింద దెకార్త్

లక్సెంబర్గ్ తోటలో, రాణుల రాతి విగ్రహాలు వరసగా నిలబడి ఉన్న చోట, ఆకుపచ్చ ఇనప కుర్చీలో ఒక మనిషి చనిపోయి ఉన్నాడు.

1966 జనవరి మూడో తేదీ, ఉదయం పదకొండు గంటలు. పోలీసు దగ్గరికొచ్చి కాగితాలు చూపించమన్నాడు. ఆ మనిషి మర్యాదగా టోపీ తీశాడు, టోపీ అంచులో దాచుకున్న విషపు గుళిక కొరికాడు. అంతే. పోలీసు ఇంకా చెయ్యి చాపే ఉన్నాడు.

కోటు జేబులో దొరికినవి మూడే. ఒక మెట్రో టికెట్టు, సగం తిన్న చాక్లెట్టు, బొటనవేలంత పింగాణీ బొమ్మ. బొమ్మకి తెల్లటి గడ్డం, మెడ చుట్టూ కుచ్చుల కాలరు. నాలుగో హెన్రీ మహారాజు. జనవరి వచ్చిందంటే పారిస్‌లో ప్రతి ఇంట్లోనూ కోసే గలెత్ అనే బాదం కేకులో ఇలాంటి బొమ్మ ఒకటి దాగి ఉంటుంది. ఎవరి ముక్కలో వస్తే వాళ్లు ఆ పూటకి రాజు.

మధ్యాహ్నానికి ఆ బొమ్మ గూఢచారి విభాగం కల్నల్ గ్రాంజాన్ బల్ల మీదకి చేరింది.

కల్నల్ ఆఫీసు ఒక గొడుగుల దుకాణం పై అంతస్తులో ఉంది. బోర్డు మీద బీమా కంపెనీ అని ఉంటుంది. మెట్ల దగ్గర కాపలా మనిషి "ఇవాళ వాన పడుతుందా?" అని అడిగితే, "గొడుగు మర్చిపోయినవాడికే" అని జవాబు చెప్పాలి. ఏజెంట్ ఎర్వాన్ లే గల్ ఆ జవాబు చెప్పి రెండేసి మెట్లు ఎక్కుతూ పైకి వచ్చాడు. పెళ్లయి పంతొమ్మిది రోజులైంది. ఈ మధ్య అన్ని మెట్లూ అలాగే ఎక్కుతున్నాడు.

కల్నల్ హెన్రీ మహారాజు పాదాల కింద గోరు పెట్టి తిప్పాడు. అడుగు మరలాగా ఊడింది. లోపల బోలు. బోలులో మైక్రోఫిల్మ్. గది చీకటి చేసి గోడ మీద వేసి చూశారు. రెండే వాక్యాలు.

"జాబితా దెకార్త్ దగ్గర ఉంది. శనివారం నాలుగింటికి, గలెత్ దగ్గర చేతులు మారుతుంది."

"ఏ జాబితా సార్?" అన్నాడు ఎర్వాన్.

"క్రిస్మస్ ముందు మన బీరువాలోంచి పోయింది. తూర్పు వైపు శత్రు దేశాల్లో పనిచేస్తున్న మన గూఢచారులు పదకొండు మంది. పేర్లు, ఇళ్లు, పిల్లలు ఏ బడికి వెళ్తారో కూడా. అది సరిహద్దు దాటితే పదకొండు మందినీ గోడకి నిలబెట్టి కాల్చేస్తారు. దెకార్త్ అంటే ఎవరో శనివారం లోపల తేలాలి."

కిటికీ గట్టు మీద కూర్చున్న ఇజోర్ కాలు మీద కాలు మార్చింది. బూడిద రంగు సూటు, మోచేతుల దాకా తొడుగులు. చనిపోయినవాడు పనిచేసిన శత్రు ముఠా ఆమెని తమ మనిషి అనుకుంటుంది. ఆమె మాత్రం ఐదేళ్లుగా వాళ్ల కబుర్లు ఇక్కడికి మోసుకొస్తోంది. విభాగంలో ఆమె డబుల్ ఏజెంట్ అని తెలిసిన ఐదుగురిలో నలుగురు ఆమె అంటే పడి చస్తారు. ఐదోవాడు కల్నల్. ఆయనకి కీళ్ల నొప్పులు.

"ముఠాలో తలా ఒక బొమ్మ పేరు," అంది ఇజోర్. "నేను వాళ్లకి క్లోవిస్ రాజుని. దెకార్త్ ఎవరో నాక్కూడా చెప్పరు. పెద్ద తలకాయే అయ్యుంటుంది."

ఎర్వాన్ బొమ్మని చేతిలోకి తీసుకున్నాడు. ఎడమ పాదం కింద నీలం చుక్క ఉంది. అతని చెవులు వేడెక్కాయి.

ఆ చుక్క అతనికి తెలుసు. యుద్ధానికి ముందు నాంత్ ఊళ్లో ఒక బేకరీవాడు చేయించిన సెట్టు అది. మొత్తం పన్నెండు. ఆరుగురు రాజులు, ముగ్గురు రచయితలు, ముగ్గురు తత్వవేత్తలు. ఎత్తు మడమల జోళ్లు వేసుకున్న పద్నాలుగో లూయీ, చెయ్యి కోటులో పెట్టుకున్న నెపోలియన్, కాఫీ కప్పు పట్టుకున్న వోల్టేర్. అన్నిటికీ ఎడమ పాదం కిందే చుక్క.

నోరు జారింది అని తర్వాత చాలాసార్లు చెప్పుకోవాలని చూశాడు. జారలేదు. గదిలో తనొక్కడికే తెలిసిన సంగతి అది. ఇజోర్ తన వైపే చూస్తోంది. గొప్ప కోసం చెప్పాడు.

"ఈ సెట్టులో పన్నెండు ఉంటాయి సార్. మా ఆవిడ దగ్గర పదకొండు ఉన్నాయి."

"లేనిది ఏది?" అన్నాడు కల్నల్.

అప్పుడు అర్థమైంది అతనికి, తను ఏం చేశాడో.

"దెకార్త్."

కింద దుకాణంలో ఎవరో గొడుగు తెరిచి మూసిన చప్పుడు వినిపించింది. ఇజోర్ కిటికీ గట్టు దిగి, అతని భుజం మీద దుమ్ము లేకపోయినా దులిపింది.

"పాపం దెకార్త్. అన్నిటినీ అనుమానించమన్న తత్వవేత్త కదా."

"మీ ఇంట్లో మైకు పెట్టాలి లే గల్," అన్నాడు కల్నల్, అతని మొహం చూడకుండా. "కావాలంటే ఇంకెవర్నయినా పంపిస్తాను."

"వద్దు సార్. నేనే పెడతాను," అన్నాడు ఎర్వాన్.

*

మైకు కోటు గుండీ అంత ఉంది. వంటింటి బల్ల కిందకి దూరి, బంక రాసి, చెక్కకి అదిమి పెట్టాడు. వేలు తీసేలోపలే తలుపు తెరుచుకుంది.

సొలీన్ బడి నుంచి గంట ముందే వచ్చేసింది. ఆమె హైస్కూల్లో చరిత్ర చెబుతుంది. ఒక చేతిలో పరీక్ష కాగితాలు, ఇంకో చేతిలో వేడి రొట్టె. రొట్టె చివర అప్పటికే కొరికేసి ఉంది.

"బల్ల కింద ఏం చేస్తున్నావ్?"

"చొక్కా గుండీ పడిపోయింది."

"ఉండు, నేనూ వెతుకుతా."

కాగితాలు పడేసి ఆమె కూడా మోకాళ్ల మీద దిగింది. పది నిమిషాలు వెతికింది, పొయ్యి కింద చీపురు పెట్టి లాగింది, దొరికిన వాల్‌నట్ తొక్క చూపించి నవ్వింది. ఎర్వాన్ ఆమె చూడనప్పుడు తన కఫ్ గుండీ తనే తెంపి జేబులో వేసుకున్నాడు. చివరికి ఆమె తన పాత కోటు గుండీ ఒకటి ఊడదీసి, అతని ఒళ్లో కూర్చుని కఫ్‌కి కుట్టింది. గుండీ ఎర్రది, చొక్కా తెల్లది.

"బావుంది. దీన్ని చూసినప్పుడల్లా నేను గుర్తొస్తా," అంది దారం పళ్లతో తెంపుతూ. "ఒరేయ్ బాబూ, ఒక పిల్లాడు ఏం రాశాడో విను. పద్నాలుగో లూయీ నాట్యం చేసీ చేసీ చచ్చిపోయాడట. సగం మార్కు వేశా. ఊహ నచ్చింది."

ఆ రాత్రి ఆ గుండీని చూడకుండా ఉండటానికి అతను చొక్కా విప్పి కుర్చీకి వెనక వైపు వేలాడదీశాడు.

*

రెండు వీధుల అవతల లాండ్రీ వ్యాను నిలబడి ఉంది. లోపల టేపు రికార్డరు, రెండు హెడ్‌ఫోన్లు, ఇజోర్ సెంటు వాసన. మూడు రోజులు ఎర్వాన్ తన పెళ్లాం ఒంటరిగా ఉన్నప్పుడు ఎలా ఉంటుందో విన్నాడు.

ఆమె పాడుకుంటుంది. పాటలో సగం మాటలు తప్పు. పాల గిన్నెతో మాట్లాడుతుంది: "పొంగావంటే చంపుతా." వాళ్లమ్మకి ఫోన్ చేసి, గొంతు తగ్గించి, నవ్వు ఆపుకుంటూ చెబుతుంది.

"లేదమ్మా, గురక పెట్టడు. పెట్టినా బానే ఉంటుంది. పొద్దున్నే రొట్టె చివర ముక్క నాకే వదిలేస్తాడు. తనకీ అదే ఇష్టం, తెలుసా? అడిగితే ఇష్టం లేదంటాడు. అబద్ధం చెప్పడం బొత్తిగా రాదు పాపం."

ఇజోర్ హెడ్‌ఫోన్ కింద పెదవి కొరుక్కుంది, నవ్వకుండా. ఎర్వాన్ టేపు చక్రం తిరగడం చూస్తూ కూర్చున్నాడు. వ్యానులోంచి దూకి పారిపోవాలనిపించింది. దూకలేదు. రికార్డు పుస్తకంలో రాశాడు: "16.10. తల్లితో సంభాషణ. విశేషం లేదు."

గురువారం విశేషం వచ్చింది. ఫోన్‌లో అవతల మనిషి తమ కింద మూడో అంతస్తులో ఉండే మదామ్ ఒబినె. డెబ్బై దాటిన మాజీ టీచరమ్మ, ఆవిడకీ బొమ్మల పిచ్చే.

"అయితే శనివారం నాలుగింటికి దెకార్త్ నా చేతికొస్తాడన్నమాట," అంది సొలీన్. "మా ఆయనకి చెప్పకండి. సెట్టు పూర్తయ్యాక ఒకేసారి చూపిస్తా."

టేపు తిరుగుతూనే ఉంది. ఇజోర్ నెమ్మదిగా హెడ్‌ఫోన్ తీసింది.

"నన్ను గలెత్‌కి పిలువు. ఆఫీసు స్నేహితురాలినని చెప్పు," అంది జాలిగా. "నువ్వొక్కడివే చూడలేవు ఇదంతా."

ఆ జాలికి అతను కృతజ్ఞత చెప్పాడు కూడా.

*

శనివారం మూడున్నరకి మదామ్ ఒబినె తన కాఫీ కుండ తనే పట్టుకుని వచ్చింది. ఇంకొకరి ఇంటి కాఫీ ఆవిడ తాగదు. వస్తూనే సొలీన్ రెండు చేతులూ పట్టుకుంది.

"బుజ్జీ, నీకు మొహం చూపించలేకపోతున్నా. దెకార్త్ లేడు. మా పిల్లి రెండేళ్ల కిందటే పగలగొట్టింది. ఉన్నాడని చెప్తే గలెత్‌కి పిలుస్తావని ఆశపడ్డానే. శనివారాలు ఒక్కదాన్నే ఉంటా కదా."

సొలీన్ మొహం ఒక్క క్షణం వాడింది. వెంటనే ముసలావిడ చెంపలు రెండూ ముద్దు పెట్టుకుంది. "దెకార్త్ లేకపోతే మిమ్మల్ని పిలవననుకున్నారా? కూర్చోండి. ఆయన పొద్దున్న పదకొండు దాకా పక్క దిగేవాడు కాదట, ఎటూ ఆలస్యంగానే వస్తాడు."

ఎర్వాన్‌కి అది సంకేతంలా వినిపించింది. ఐదు రోజుల్లో అతను ఎలాంటివాడయ్యాడంటే, రొట్టె ముక్క కింద పడినా సంకేతంలాగే వినిపిస్తోంది.

ఇజోర్ తెల్ల పూలతో వచ్చింది. కింద వ్యానులో కల్నల్, నలుగురు మనుషులు. జాబితా చేతులు మారడం కంటపడగానే ఎర్వాన్ "కాఫీ చల్లారిపోయింది" అనాలి. బల్ల కింద మైకు వింటుంది. నలభై సెకన్లలో వాళ్లు పైకి వస్తారు.

గలెత్ ఐదు ముక్కలుగా కోశారు. ఉన్నది నలుగురు. ఐదోది పేదవాడి వాటా. ఆ పూట తలుపు తట్టిన మొదటి అపరిచితుడికి ఇవ్వాలి. నిజంగా ఎవరూ రారు, మర్నాడు ఇంట్లోవాళ్లే తినేస్తారు. కానీ కోయకపోతే మదామ్ ఒబినె లాంటివాళ్లు ఊరుకోరు.

"బల్ల కిందకి ఎవరు?" అంది ముసలావిడ. "అందరికన్నా చిన్నవాళ్లే వెళ్లాలి."

"నన్ను చూస్తే తెలియట్లేదూ?" అంది ఇజోర్.

"తెలుస్తోందమ్మా, అందుకే సొలీన్‌ని పంపిస్తున్నా."

సొలీన్ తను ఇరవై మూడేళ్ల పంతులమ్మనన్న సంగతి మర్చిపోయి, బల్ల గుడ్డ ఎత్తి లోపలికి దూరింది. ముక్కలు చూడకుండా ఎవరికి ఏది అని పంచాలంటే అదే పద్ధతి. మదామ్ ఒబినె మొదటి ముక్క మీద కత్తి ఆనించింది.

"ఇది ఎవరికి?"

"పేదవాడికి," అంది బల్ల కింద గొంతు.

ఆ పళ్లెం ఇజోర్ పక్కకి జరిపారు.

"ఇది ఎవరికి?"

జవాబు వెంటనే రాలేదు. బల్ల కింద ఏదో కదిలింది. పెళ్లాం కింద ఏం చేస్తోంది? ఎవరికి ఏం అందిస్తోంది? అతను బల్ల గుడ్డ అంచు మీదనే కళ్లు పెట్టి కూర్చున్నాడు. బల్ల పైన ఇంకేమీ చూడలేదు.

"ఇదా? ఇది నాకు," అంది సొలీన్. గొంతులో నవ్వు పొంగుతోంది.

పంపకం అయ్యాక ఆమె జుట్టు చెరిగి, బుగ్గలు ఎర్రబడి బయటికి వచ్చింది. తన ముక్కని ఆత్రంగా విరిచింది. అందులో ఏమీ లేదు. నవ్వు తగ్గింది. ఒకసారి ఇజోర్ వైపు, ఒకసారి ఎర్వాన్ వైపు చూసి ఊరుకుంది. గలెత్‌తో బేకరీవాడు పెట్టిన మామూలు బొమ్మ మదామ్ ఒబినె పంటికి తగిలింది. కాగితం కిరీటం ఆవిడకే పెట్టారు.

సరిగ్గా నాలుగింటికి తలుపు తట్టిన చప్పుడు.

సొలీన్ తీసింది. ఫైర్‌మన్ యూనిఫాం, చంకలో కొత్త సంవత్సరం క్యాలెండర్లు. "మదామ్, అగ్నిమాపక దళం క్యాలెండర్."

"అపరిచితుడు," అంది ఇజోర్ సంబరంగా. "సొలీన్, పేదవాడి వాటా మర్చిపోకండి. ఇంటి ఇల్లాలే ఇవ్వాలి." పళ్లెం తీసి ఆమె చేతిలో పెట్టింది.

ఎర్వాన్ చూస్తున్నాడు. తన పెళ్లాం చేతిలో పళ్లెం. అటువైపు పరాయి మనిషి చెయ్యి. ఆ మనిషి బూట్లు ఫైర్‌మన్ బూట్లు కావు, సన్నటి పట్టణం బూట్లు. అంతా తేలిపోయింది. ఒక్క క్షణం ఆగి ఉండొచ్చు. ఆ ఒక్క క్షణం ఆగలేదు.

"కాఫీ చల్లారిపోయింది," అన్నాడు.

కింద మెట్ల మీద బూట్ల చప్పుడు మొదలైంది.

అప్పుడే సొలీన్ పళ్లెం వెనక్కి లాక్కుంది.

"ఆగండాగండి. ఇది ఇవ్వను. ఇందులో నా దెకార్త్ ఉన్నాడు." ఇజోర్ వైపు తిరిగి వేలు ఆడించింది. "ఇజోర్ గారూ, బల్ల కింద మీ చేతి తొడుగులోంచి బయటికి రావడం నేను చూశా. నాకోసం తెచ్చారనుకున్నా. పొరపాటున పేదవాడి ముక్కలో పెట్టేశారు."

గదిలో ఒక్కరే నవ్వుతున్నారు. అది సొలీన్.

పై నుంచి చూసే ఎర్వాన్ కళ్ల నుంచి చెయ్యి దాచుకోవడానికి ఇజోర్ బల్ల కిందికి దించింది. ఐదేళ్లు అందర్నీ మోసం చేసి, జాబితా కాజేసిన ఆ మనిషి, గలెత్ పూట బల్ల కింద ఎప్పుడూ ఒక జత కళ్లు ఉంటాయన్న సంగతి మర్చిపోయింది. చిన్నప్పుడు తనూ అక్కడి నుంచి దొంగతనంగా చూసే ఉంటుంది.

ఫైర్‌మన్ పళ్లెం మీదకి దూకాడు. ముక్క అతని గుప్పిట్లో నలిగింది. ఇజోర్ సంచిలోంచి లిప్‌స్టిక్ తీసింది. దాని మూత సొలీన్ వైపు తిరిగి ఉంది. ఆ లిప్‌స్టిక్‌లో ఒకే ఒక తూటా పడుతుందని ఎర్వాన్‌కి తెలుసు. దాన్ని వాడటం ఆమెకి నేర్పింది తనే. బల్ల అడ్డంగా ఉంది. చేరుకోలేడు.

"చల్లారిందా?" అంది మదామ్ ఒబినె. అప్పటి నుంచీ ఆ ఒక్క మాట దగ్గరే ఆగిపోయి ఉందావిడ. "ఇప్పుడే దించాను కదయ్యా. ఏదీ, చల్లారిందేమో నువ్వే చూడు."

మూత తీసి కుండ వంచింది. ఎర్వాన్ కప్పు బల్లకి ఆ చివర ఉంది, ఇజోర్ చెయ్యి మధ్యలో ఉంది. కాఫీ చల్లారలేదు. తూటా పైకప్పులో దిగింది. ఎర్వాన్ బల్ల మీదుగా దూకి ఆ చెయ్యి పట్టుకున్నాడు. మెట్ల మీదికి పరిగెత్తిన ఫైర్‌మన్ నేరుగా కల్నల్ మనుషుల చేతుల్లో పడ్డాడు. అతని గుప్పిట విప్పితే బాదం క్రీము, పొరలు పొరలుగా నలిగిన గలెత్, మధ్యలో పొడుగు జుట్టు, సన్న మీసంతో దెకార్త్. పాదాల కింద మర ఉంది. లోపల పదకొండు మంది ప్రాణాలున్నాయి.

కల్నల్ టోపీ తీశాడు. "మదామ్, దేశం మీకు ఎంతో రుణపడి ఉంది."

"అయితే నా దెకార్త్ నాకిచ్చెయ్యమనండి."

"క్షమించాలి. ఇప్పుడాయన ప్రభుత్వ రహస్యం."

*

అందరూ వెళ్లిపోయారు. మదామ్ ఒబినె కిరీటం తియ్యకుండానే మెట్లు దిగింది. పైకప్పు సున్నం ఇంకా కొంచెం కొంచెంగా రాలుతోంది.

సొలీన్ బల్ల దగ్గర కూర్చుని, చేతిలోది అతని ముందు పెట్టింది. గుండీ అంత మైకు. వెనక బంక ఎండి ఉంది.

"బల్ల కింద రెండు చూశా. ఒకటి చేతి తొడుగులో ఉంది, ఒకటి చెక్కకి అంటుకుని ఉంది. ఇది ఏ సెట్టులోది?"

అతను మైకుని బోర్లా తిప్పాడు.

"ఎన్ని రోజులైంది?"

"సోమవారం నుంచి."

"గుండీ వెతికిన రోజు నుంచి." ఆమె తల ఊపింది. "మా అమ్మతో మాట్లాడిందీ విన్నావా?"

"విన్నాను."

"ఆవిడా విందా?"

"విన్నది."

సొలీన్ చాలాసేపు గలెత్ పొడిని వేలితో ఒకచోటికి కూడగట్టింది.

"'కాఫీ చల్లారిపోయింది' అన్నావే. అది ఎవర్ని పట్టుకోమని?"

అబద్ధం చెప్పడం అతని వృత్తి. ఒకటి కాదు, ఆరు అబద్ధాలు సిద్ధంగా ఉన్నాయి. కఫ్ మీద ఎర్ర గుండీ కనిపించింది.

"నిన్ను," అన్నాడు.

"ఓహో."

"దెకార్త్ అన్నిటినీ..." అని మొదలుపెట్టి ఆగిపోయాడు. వాక్యం సగంలోనే సిగ్గుతో చచ్చింది.

"నాకు పాఠం చెప్పకు, నేను పిల్లలకి చెబుతా అది. ఆయన గోడల్ని అనుమానించాడు, బల్లని అనుమానించాడు, తన చేతుల్నే అనుమానించాడు. కానీ ఎర్వాన్, ఆయన పెళ్లి చేసుకోలేదు."

లేచి, అతను ముట్టని గలెత్ ముక్క వేరే పళ్లెంలో పెట్టింది.

"పేదవాడి వాటా నలిగిపోయింది. నీ ముక్కే దాని బదులు. బయటికెళ్లి తలుపు తట్టు."

"సొలీన్..."

"అపరిచితుడికే ఇవ్వాలి. వెళ్లు."

అతను వెళ్లాడు. మెట్ల గది చల్లగా ఉంది. కింద నుంచి మదామ్ ఒబినె పిల్లిని తిడుతున్న గొంతు వినిపిస్తోంది. తన పేరు, ఆమె పేరు పక్కపక్కన రాసి ఉన్న తలుపు ముందు నిలబడి రెండుసార్లు తట్టాడు.

"ఎవరు?"

అతనికి ఆరు దేశాల సంకేత పదాలు తెలుసు, ఒక్కటీ పనికిరాదు.

"సిగ్గుపడుతున్నవాడిని," అన్నాడు చివరికి.

గొలుసు తియ్యకుండానే తలుపు బెత్తెడు తెరుచుకుంది. సందులోంచి పళ్లెం బయటికి వచ్చింది. పక్కన, అతను వదిలేసే రొట్టె చివర ముక్క కూడా ఉంది. తలుపు మూసుకుంది.

పదకొండు మందిని కాపాడిన మనిషి లోపల పరీక్ష కాగితాలు దిద్దుకుంటోంది. ఏజెంట్ ఎర్వాన్ లే గల్ మెట్టు మీద కూర్చుని గలెత్ తిన్నాడు, రొట్టె చివర కూడా తిన్నాడు. గొలుసు తీసిన చప్పుడు వినడానికి ఇంకో గంటా పది నిమిషాలు పట్టింది. ఆ గంటా పది నిమిషాలూ అతను ఒక్కసారి కూడా తలుపుకి చెవి ఆనించలేదు.